వీపులేని కృష్ణుడికి పెట్టిన రవ ఉండలు

మా స్టూడియోలో కృష్ణుడికి వీపు లేదు.

ముందు నుంచి చూస్తే ముద్దుగా ఉండేవాడు. తలమీద నెమలి ఈక, మెడలో పూసలు, ఒక బుగ్గన సొట్ట, ఎదురుగా ఇత్తడి పళ్ళెం. పక్కకు వెళ్ళి చూస్తే మాత్రం ఫైబరు డొల్ల. లోపల నిలబెట్టడానికి ఒక చెక్కబద్ద, దానిమీద ‘ఈ వైపు పైకి’ అని అంటించిన కాగితం. కెమెరా ఎలాగూ వెనక్కి వెళ్ళదని వీపు చేయించలేదట. ఆ కృష్ణుడి ముందు కూర్చుని మూడేళ్ళు పాడాను. ఉన్నంత మేరకు ఆయన నాకు ఏ లోటూ చేయలేదు.

సంగీతం చానెల్లో పొద్దున ఆరు గంటలకు వచ్చే అరగంట కార్యక్రమం మాది. రోజుకొక కొత్త పాట. రాసేదీ, వరస కట్టేదీ, హార్మోనియం వాయిస్తూ పాడేదీ నేనే. నా నెత్తిన అంత పని పెట్టినవాళ్ళకు ఈ రోజుకీ దణ్ణం పెట్టుకుంటాను. అంతకు ముందు నా పాటను ఎవరూ ఏడు సెకన్లకు మించి వినలేదు.

ఆ ఏడు సెకన్ల సంగతి చెప్పాలి.

నేను బడికి పోలేదు. ఐదో ఏట ఉబ్బసం పట్టుకుంది. పేటలో మా ఇంటి చుట్టూ ఉన్న మగ్గాల నూగుకు బడి దుమ్ము కూడా తోడైతే పిల్ల దక్కదన్నాడట డాక్టరు. మగ్గాలను ఆపలేరు గనక బడి మాన్పించారు. అక్షరాలు, ఎక్కాలు, పాట అన్నీ మా అవ్వ దగ్గరే, అంటే అమ్మ తల్లి దగ్గర. ఎక్కాలను కూడా రాగం తీయించేది. పదమూడో ఎక్కం మోహనలో ఉండేది. ఇప్పటికీ పదమూడు ఎనిమిదులు ఎంతంటే నేను ముందు గొంతు సవరించుకుంటాను.

అవ్వకు ఒక పట్టు ఉంది. కొత్త పాట ముందు దేవుడు వినాలి, వట్టి చేతులతో వినిపించకూడదు. ఏదో ఒకటి నైవేద్యం పెట్టాలి. పెట్టాక తల పక్కకు తిప్పుకోవాలి, తినేవాళ్ళ నోట్లోకి చూడటం మర్యాద కాదు గనక. తర్వాత దీపం కొండెక్కేలోగా అక్కడున్న వాళ్ళందరికీ పంచి పళ్ళెం ఖాళీ చేయాలి. ఇంతే శాస్త్రం. ఎవరు రాశారో నాకు తెలియదు, అవ్వ అయితే చదివి చెప్పలేదు.

పెళ్ళయ్యాక మా ఆయన ఎక్కడో పాత కీబోర్డు ఒకటి, కంప్యూటరు ఒకటి తెచ్చిపెడితే, ఇంట్లోనే వాటితో కుస్తీపట్టి చానెల్ వాళ్ళకు చిన్న చిన్న వరసలు కట్టడం మొదలుపెట్టాను. ఒక కార్యక్రమం అయిపోయి ఇంకొకటి మొదలయ్యేలోపు చానెల్ పేరు గిర్రున తిరిగి మెరుస్తుంది చూడండి, అప్పుడొచ్చే మోత నాది. ఒక్కొక్కటి ఏడు సెకన్లు. దానికీ నైవేద్యమా అని అడిగాను. అవ్వ కొంచెం ఆలోచించి, డబ్బా మూత తీసి, ఒకే ఒక్క ఎండుద్రాక్షను ఆకుమీద పెట్టింది.

“స్వల్ప పాటకి స్వల్ప ఊట చాలు పాపా,” అంది. కన్నడ కలిసిన మా పేట తెలుగులో ఊట అంటే భోజనం.

అలా పదేళ్ళు ఎండుద్రాక్షల మీద గడిచాక పొద్దుటి కార్యక్రమం వచ్చింది.

స్టూడియో అంటే ఊరి చివర చందాపుర దాటాక, ఒకప్పుడు యంత్రాల సామాను పెట్టుకున్న రేకుల షెడ్డు. రోడ్డుమీద ఫ్యాక్టరీ బస్సు హారన్ కొట్టినప్పుడల్లా పాట ఆపాల్సి వచ్చేది. ఆ బస్సుల్లో చాలావాటిది ఇంచుమించు ఒకటే శ్రుతి అని రెండో వారానికి కనిపెట్టి, నా శ్రుతినే అక్కడికి జరుపుకున్నాను. అప్పటినుంచి సగం హారన్లు పాటలో కలిసిపోయాయి. ఒక మహానుభావుడైతే ఒకసారి సరిగ్గా పల్లవి చివర షడ్జమం పట్టాడు. ఎవరో ఏమో, చల్లగా ఉండాలి.

వారానికి సరిపడే ఏడు పొద్దులను ప్రతి గురువారం ఒక్క రోజులో తీసేవాళ్ళం. ఏడు పాటలు, ఏడు చీరలు. మధ్యాహ్నం మూడింటికి, భోజనం చేసిన మొహంతో నేను “శుభోదయం” అనేదాన్ని. మొదటి వారం అబద్ధమాడానని లెంపలేసుకున్నాను. ఎక్కడో ఒకచోట తెల్లారుతూనే ఉంటుందండి అని డైరెక్టరు ఓదార్చాడు.

డైరెక్టరుది కాకినాడ. ముప్పై దాటినవాడు, కుందలహళ్ళిలో అద్దెకుండేవాడు, తీసినదాన్ని కత్తిరించి అతికించే పనీ అతనిదే. కెమెరా పట్టే అన్న మాత్రం మా పేటలోనే పుట్టి పెరిగిన అరవయ్యేళ్ళ మనిషి. చక్కెర జబ్బు, దాన్ని లెక్కచేయని నాలుక. లైట్లు చూసే ఆయన ఇంకొకరు, నిచ్చెన మీదే కాపురం. నాతో కలిపి నలుగురం, వీపులేని ఆయనతో ఐదుగురం.

మొదటి రోజు పళ్ళెంలో తెల్లటి ఉండలు గుట్టగా ఉన్నాయి. రవ ఉండలనుకుని మురిసిపోయాను. రవ్వలడ్డును మేం అలాగే అంటాం. దగ్గరికెళ్ళి చూస్తే థర్మాకోల్. మధ్యలో ఎండుద్రాక్షలా కనబడాలని నల్ల రంగు చుక్క కూడా పెట్టారు, పాపం. దాన్ని ఆయన ముందు పెట్టి ఆరగించవయ్యా అని ఎలా పాడను?

“అక్కా, కెమెరాకి డిఫరెన్స్ తెలీదండి,” అన్నాడు డైరెక్టరు.

“మనం పెట్టేది కెమెరాకా అప్పా?” అన్నాను.

కెమెరా అన్న కంటిని కెమెరా నుంచి తీయకుండానే, “నిజమే కదప్పా. నీ ఇంటికి చుట్టాలొస్తే థర్మాకోల్ పెడతావా,” అన్నాడు. ఆ అన్నకు నా భక్తికంటే రవ ఉండల మీదే ఆశ ఎక్కువని నాకు తర్వాత తెలిసింది.

ఆ తర్వాతి గురువారం నుంచి అవ్వ చేసిచ్చిన రవ ఉండలు స్టీలు డబ్బాలో నాతో పాటు చందాపుర బస్సెక్కేవి. ఎనభై ఏడేళ్ళ చేయి. అయినా ఒక్క ఉండ ఇంకొకదానికంటే పెద్దది కాదు.

ఇప్పుడు అసలు తప్పు ఎక్కడ జరిగిందో చెబుతాను, మీరే న్యాయం చెప్పండి. మా దగ్గర ఒక్కో పాటను మూడుసార్లు పాడిస్తారు. మొదటిసారి దూరం నుంచి, రెండోసారి మొహం, మూడోసారి వేళ్ళు, దీపం, పళ్ళెం. తర్వాత మూడింటినీ ముక్కలు చేసి ఒక్క పాటగా అతికిస్తారు. మొదటిసారి పాడి నైవేద్యం పెట్టగానే నేను తల తిప్పుకునేదాన్ని. నన్ను చూసి కెమెరా అన్నా తల తిప్పుకునేవాడు. నిచ్చెన మీది ఆయన గోడవైపు తిరిగేవాడు. కొన్నాళ్ళకు కాకినాడ డైరెక్టరు కూడా, ఎందుకైనా మంచిదని తిరిగేవాడు. ఆ షెడ్డులో తల తిప్పనిది కెమెరా ఒక్కటే.

దీపం కొండెక్కేలోగా పంచాలి కదా. షెడ్డులో ఫ్యాన్ గాలికి దీపం ఎంతసేపు నిలుస్తుంది? అందుకని మొదటిసారికీ రెండోసారికీ మధ్య తలా ఒకటి తినేవాళ్ళం, రెండోసారికీ మూడోసారికీ మధ్య ఇంకొకటి. చక్కెర జబ్బు ఉన్నవాళ్ళు రెండు. మూడోసారి పాడేసరికి పళ్ళెంలో మూడో నాలుగో మిగిలేవి. అతికించేటప్పుడు డైరెక్టరు నా పెదవులు పాటతో కలుస్తున్నాయా లేదా అని చూసేవాడు. పళ్ళెం వైపు ఎవరు చూస్తారు?

చూసేవాళ్ళు చూశారు.

దానికి కొంచెం ముందు బెళ్ళందూరులో ఉన్న ఆఫీసు నుంచి నాకు పిలుపొచ్చింది. చానెల్ మొత్తానికి పెద్ద ఒక మేడమ్. అద్దాల గదిలో నాకు కాఫీ ఇప్పించి, రంగురాళ్ళ జ్యోతిష్యుడు ఒకాయన పొద్దుటి ఆరు గంటల సమయం అడుగుతున్నాడని, మన కార్యక్రమానికి చూసేవాళ్ళ నుంచి ఉలుకూ పలుకూ లేదని, ఉగాదిలోగా కదలిక రాకపోతే ఆ అరగంట ఆయనకిచ్చేస్తానని మర్యాదగానే చెప్పింది. నేనూ మర్యాదగానే కాఫీ తాగాను. బస్సులో మాత్రం లెక్క వేసుకున్నాను. నలభై రెండేళ్ళకు దొరికిన అరగంట. అది పోతే మళ్ళీ ఏడు సెకన్లే.

ఇంటికొచ్చి దేవుడితో గట్టిగానే చెప్పుకున్నాను. ఏదైనా కదిలించు స్వామీ అన్నాను. ఏం కదిలించాలో స్పష్టంగా అడగకపోవడం నా పొరపాటు.

పదిహేను రోజులకు ఫోన్లు మొదలయ్యాయి. పాట మొదట్లో పళ్ళెం నిండా ఉండలున్నాయి, చరణానికి సగమయ్యాయి, చివర మూడే ఉన్నాయి, ఎవరి చెయ్యీ కనబడలేదు అని ఒకామె. చివరికి మళ్ళీ పళ్ళెం నిండిపోయిందని ఇంకొకామె. అది మొదటిసారి దూరం నుంచి తీసిన ముక్కను మా డైరెక్టరు చివర అతికించడం వల్ల. ఎవరో దాన్ని నెమ్మదిగా తిప్పి, గుండ్రంగా గీతలు గీసి, గంట మోత కలిపి ఫోన్లలో పంచారు. ఆ గంట అపశ్రుతి. అది తప్ప నాకు మొదట ఇంకేం తట్టలేదు.

పెద్ద మేడమ్ ఈసారి తనే ఫోన్ చేసింది. “నథింగ్ మీరు చెప్పొద్దు. అబద్ధం చెప్పమనట్లేదు కదా, జస్ట్ సైలెంట్‌గా ఉండండి,” అంది. వీలైతే చరణానికొకటి తగ్గేలా చూడమని డైరెక్టరుకు విడిగా చెప్పిందట.

నిజం చెప్పాలి, నేను ఊరుకున్నాను. నోరు తెరవలేదు గనక అబద్ధం కాదని నాకు నేనే తీర్పు చెప్పుకున్నాను. ఇంకో రహస్యం, నవ్వు కూడా వచ్చింది. పుట్టినప్పటినుంచి తిని తినలేదని బొంకినవాడు, ఇన్నాళ్ళకు తినకుండానే తిన్నాడని పేరు మోశాడు. నా అరగంటా నిలబడింది. ఇద్దరికీ నష్టం లేదనుకున్నాను.

అప్పుడు అవ్వను చూశాను.

పక్కింటి కోడలు ఆ ఫోన్ వీడియో తెచ్చి అవ్వ కళ్ళద్దాల దగ్గర పెట్టి చూపించి వెళ్ళింది. మర్నాడు అవ్వ రవను మామూలు కంటే సన్నటి మంట మీద, మామూలు కంటే ఎక్కువసేపు వేయించింది. ఆ మర్నాడు నెయ్యి మార్చింది. మూడో రోజు యాలకులు తనే ఒలిచి, తనే దంచింది. ప్రతి రోజూ మా ఇంటి దేవుడి ముందు పెట్టి పాట పాడి, తల తిప్పుకుని, వంటింట్లోకి పోయేది. నాలుగో రోజు నేను నీళ్ళకని వెళితే, అవ్వ వంటింటి తలుపు చాటున నిలబడి ఒంటి కన్నుతో పళ్ళెం వైపు చూస్తోంది. తినేవాళ్ళ నోట్లోకి చూడకూడదని నాకు నేర్పిన మనిషి.

నన్ను చూసి సిగ్గుపడలేదు. కొంగుతో కళ్ళద్దాలు తుడుచుకుంది.

“డెబ్బై ఏండ్లుగా పెడతా ఉండాను. నా కాడ ఒక పలుకు ముట్టలేదు,” అంది. “నీ కాడ తిన్నవీ నేను చేసిన ఉండలే. అంటే తప్పు ఉండల్లో లేదు పాపా. పాటలో ఉండాది. ఆయప్ప తినే పాట ఏదో అది నాకు నేర్పించు.”

నాకు సరిగమలు నేర్పిన నోరు అది. నేల మీద కూర్చుని, శిష్యురాలిలా చేతులు ఒళ్ళో పెట్టుకుంది.

అప్పుడే అంతా చెప్పేశాను. మొదటిసారికీ రెండోసారికీ మధ్య ఎవరు ఎన్ని తిన్నారో, ముక్కలు ఎలా అతికించారో, అంతా. అవ్వ ఓపికగా విని, నా తల నిమిరింది.

“నన్ను సమాధానం చేయనీకి, ఊరడించనీకి చెప్తా ఉండావు. టీవీలో నేనే చూసినా కదా.”

ఆమెకు నా మాటకంటే టీవీ మీదే గురి. అయితే టీవీలోనే చెప్పాలి. దారి అదొక్కటే మిగిలింది, దాని చివర రంగురాళ్ళ ఆయన కూర్చుని ఉన్నాడని నాకు తెలుసు.

బుధవారం రోజంతా పాట కట్టాను. ఇంత తేలిగ్గా ఏ పాటా రాలేదు, దాన్ని పదమూడో ఎక్కం వరసలోనే పెట్టాను, అవ్వకు పోల్చుకోవడానికి వీలుగా ఉంటుందని.

*తినకనే తిన్నావని నింద మోసితివి కృష్ణా*
*తిన్నవారి పేర్లు నేను తెలిపెద వినవయ్యా*
*నిచ్చెన మీదున్న అన్న నిన్నడుగక రెండు తినె*
*చక్కెర జబ్బున్న అన్న చక్కగ మూడారగించె*

గురువారం ఆ పాట వినిపించేసరికి నిచ్చెన మీదినుంచి నవ్వు వినిపించింది. డైరెక్టరు నవ్వలేదు. చాలాసేపు తన ఫోన్‌ను చేతిలో తిప్పాడు.

“స్లాట్ పోద్దక్కా. మీదే కాదు, నాది కూడా,” అన్నాడు.

అతనిదీ ఉద్యోగమే. వద్దంటే ఏం చేయాలో నేను ఆలోచించుకోలేదు. మా అవ్వ సంగతి చెప్పాను.

“మా అమ్మ కూడా నమ్మేసిందండి. గురువారాలు ఉపాసం మొదలెట్టింది. ఒద్దని ఎలా చెప్పాలో తెలీట్లేదు,” అని డైరెక్టరు లేచి, తనే దీపంలో నూనె పోశాడు. ఆ రోజు మూడుసార్లు పాడించలేదు. ఒకే ఒక్కసారి, ముక్కలు లేకుండా.

నైవేద్యం పెట్టి నేను తల తిప్పుకున్నాను. కెమెరా అన్న తిప్పుకోలేదు. “ఈపొద్దు నేను చూస్తానమ్మా. సాక్షి ఉండాల్ల కదా,” అన్నాడు. నేను చరణాలు పాడుతుంటే నిచ్చెన మీది ఆయన దిగివచ్చి, కెమెరాకు నమస్కారం చేసి రెండు తీసుకున్నాడు. డైరెక్టరు వచ్చి ఒకటి తీసుకున్నాడు. కెమెరా అన్న కెమెరాను స్టాండు మీదే వదిలి, చుట్టూ తిరిగి వచ్చి, పాటలో చెప్పినట్టు మూడే తీసుకుని, కొంచెం తటపటాయించి నాలుగోది కూడా తీసుకున్నాడు. చివర కెమెరాను భుజానికెత్తుకుని, ఈ మూడేళ్ళలో మొదటిసారి, కృష్ణుడి వెనక్కి వెళ్ళాడు. చెక్కబద్ద, ‘ఈ వైపు పైకి’ కాగితం, అన్నీ చూపించాడు.

పెద్ద మేడమ్ మా భాగాలను ముందుగా చూసే అలవాటు లేనిది, ఆరు గంటలకు లేచేదీ కాదు. ఆ ఒక్క విషయంలో దేవుడు మా పక్షాన ఉన్నాడు.

ఆ పొద్దున నేనూ అవ్వా పక్కపక్కన కూర్చుని చూశాం. వరస మొదలుకాగానే అవ్వ వేళ్ళు మోకాలి మీద ఎక్కం లెక్కపెట్టాయి. తర్వాత ఆగాయి. కళ్ళద్దాలు తెరకు అతుక్కుపోతాయేమోనన్నంత ముందుకు వంగింది. పాట అయిపోయింది. నేను ఆమె మొహం చూడలేక తెర వైపే చూస్తున్నాను.

“ఆ కెమెరాయప్ప నాలుగు తీసుకున్నాడు,” అంది అవ్వ చివరికి. “పాటలో మూడే అన్నావు.”

“అవునవ్వా.”

“ఆయన వెనకాల కడుపే లేదే. పాపం, యాడ తింటాడు.” అని లేచి, నడుము పట్టుకుని వంటింట్లోకి వెళ్ళింది. ఆ రోజు రవ మామూలుగానే వేయించింది. తలుపు చాటున నిలబడలేదు.

తొమ్మిదింటికి బెళ్ళందూరు నుంచి ఫోన్ వచ్చింది. చూసేవాళ్ళ మనసుతో ఆడుకున్నారు మీరు అంది పెద్ద మేడమ్. మూడేళ్ళ అరగంటకు కృతజ్ఞతలు చెప్పాను. మనస్ఫూర్తిగానే చెప్పాను, ఎగతాళి అనుకున్నట్టుంది. ఫోన్లు మళ్ళీ వచ్చాయి. కొందరు తిట్టారు. ఒకామె, నేను మొదటినుంచీ మా అత్తకు ఇదే చెబుతున్నాను అని సంబరపడింది. చాలామంది రవ ఎంతసేపు వేయించాలని అడిగారు. కెమెరా అన్నకు మాత్రం ఇంట్లో పెద్ద శిక్ష పడింది. ఆయన భార్య కూడా ఆ పొద్దున టీవీ చూసింది.

ఉగాదికి ఆరు గంటల సమయం రంగురాళ్ళ ఆయనకు వెళ్ళింది. డైరెక్టరును అదే కార్యక్రమానికి వేశారు. దేవుడు అతని ఉద్యోగం కాపాడాడు, ఎలా కాపాడాడో చూసి నవ్వుకున్నాడు కూడా. పాత సెట్టు పీకేసేటప్పుడు కెమెరా అన్న కృష్ణుడిని స్కూటరు వెనక కూర్చోబెట్టి, నా పాత చీర ఒకటి చుట్టి, చందాపుర నుంచి పేట దాకా తెచ్చాడు. ఆనుకోవడానికి వీపు లేక దారంతా ఆయన అన్న మీదే పడ్డాడట. మా పూజగదిలో గోడకు ఆనించాం. అక్కడ వీపు లేదని ఎవరికీ తెలియదు.

ఈ మధ్య డైరెక్టరు ఫోన్ చేశాడు. రంగురాళ్ళ కార్యక్రమానికి మొదట్లో వచ్చే వరస కావాలట. “పదకొండు సెకన్లక్కా. మీరైతేనే బాగుంటదండి,” అన్నాడు. ఏడు నుంచి పదకొండుకు పెరిగానన్నమాట. ఒప్పుకున్నాను.

వరస కట్టి, కృష్ణుడి ముందు కూర్చున్నాను. అవ్వ డబ్బా మూత తీసి, లోపల వెతికి, ఒక ఎండుద్రాక్షను పళ్ళెంలో పెట్టింది. నాలుగు సెకన్లు ఎక్కువ కదా అన్నాను. రాళ్ళ పాటకి ఇదే ఎక్కువ అంది. వాయించాను. ఇద్దరం తల తిప్పుకున్నాం. ఇటు తిరిగేసరికి పళ్ళెం ఖాళీగా ఉంది.

అవ్వ వైపు చూశాను. గోడమీది క్యాలెండరును శ్రద్ధగా చదువుతోంది. దవడ మెల్లగా కదులుతోంది.

“ఏమైంది అవ్వా?”

మింగింది. కొంగుతో మూతి తుడుచుకుంది.

“తినేసినాడు,” అంది.

నేను వంగి దణ్ణం పెట్టాను. ఎవరికి పెట్టావని అవ్వ అడగలేదు.